ముప్పై ఒక్క పేజీలు

కొరుక్కుపేట రైలుగేటు దాటాక ఎడమ చేతికి,
ఇప్పుడు గోడౌన్లు లేచిన చోట,
మూడు సీజన్లు (సరిగ్గా చెప్పాలంటే రెండున్నర)
మాకొక బేస్‌బాల్ జట్టుండేది.
నమ్మరు. అందుకే ఈ పుస్తకం పారేయలేదు.

రెండో డివిజన్లో ఆరు జట్లు,
ఆరింట్లో ఆరోది మాది.
డబ్బు పెట్టింది శివకామి అప్పడాల కంపెనీ.
చొక్కా రొమ్ము మీద గుండ్రంగా, పసుపుపచ్చగా అప్పడం.
ఓడినప్పుడల్లా గట్టు మీది కుర్రాళ్ళు
"అప్పళం నొరుంగిపోచ్చు!" అని అరిచేవాళ్ళు.
అరవం అర్థం కావడానికి క్షణం పట్టేది కాదు,
తెలుగులో తిరిగి తిట్టడానికే తడుముకునేవాళ్ళం.

లెక్క రాసేది నేను.
"పది తప్పావు గానీ చేతిరాత తప్పలేదు" అని
ఎబినేజర్ మాస్టారు నూనెడబ్బా మీద కూర్చోబెట్టారు.
ఆట నేర్పిందీ ఆయనే.
ఆయనకెవరు నేర్పారో అడగాలని తోచలేదు.

తొమ్మిది మందికి నాలుగు గ్లవ్స్.
మేం బ్యాటింగ్‌కి పోతూ నేల మీద వదిలేస్తే
అవతలివాళ్ళు వచ్చి తొడుక్కునేవాళ్ళు,
లోపల మా చెమట ఇంకా వెచ్చగా ఉండగానే.

బేసులంటే ఇసక నింపిన గోతాలు, నాలుగు.
క్యారియర్ తెచ్చిన మా నాయనమ్మ ఒకాట మొత్తం చూసి
"పరిగెత్తి పరిగెత్తి
బయల్దేరిన గోతం కాడికే వస్తే ఒక లెక్కా?
ఆ మాత్రానికి కదలకుండా కూచుంటే పోలా?" అంది.
మాస్టారు నవ్వలేదు.
రెండు రోజులు ఆలోచించి, ఇంటికొచ్చి,
"జవాబు దొరకలేదమ్మా" అని చెప్పి వెళ్ళారు.

పేజీ పంతొమ్మిది.
తండయార్పేట మీద, ఏడో ఇన్నింగ్స్.
హార్బర్లో మూటలు మోసే యేసుపాదం
కళ్ళు మూసుకుని కొట్టాడు.
పొద్దున మేస్త్రీ కూలి కోశాడని తర్వాత తెలిసింది.
బంతి లేచి
సిగ్నలు స్తంభం దాటి
కదుల్తున్న గూడ్సులో, మూతలేని బొగ్గుపెట్టెలో పడింది.
రెండు జట్లూ, అంపైరూ
ఆఖరి పెట్టె కనుమరుగయ్యేదాకా నిలబడి చూశాం.
గార్డు పచ్చజెండా ఊపాడు, మాకేనేమో.
గూడూరు దాటి బిట్రగుంట దాకా పోయుంటుంది.

ఉన్నదొకటే బంతి.
ఆట రద్దు అన్నాడు అంపైరు,
రద్దయిన ఆటలో పరుగు పరుగు కాదట.
యేసుపాదం వినిపించుకోలేదు.
నాలుగు గోతాలూ నడిచే చుట్టొచ్చాడు,
ఒక్కోదాన్నీ కాలితో తట్టి, తీరిగ్గా.
ఆ గడిలో పెన్సిల్‌తో చిన్న నలుచదరం గీశాను.
ఇంకు పెట్టలేదు. చెరపనూ లేదు.

మూడో ఏడు కంపెనీకి మిషన్లొచ్చాయి.
అప్పడాలొత్తే ఆడవాళ్ళు అరవై మందిని పొమ్మన్నారు,
అందులో మా అమ్మ, గజపతి అక్క, ఫారూఖ్ వాళ్ళ పిన్ని.
ఆ ఆదివారం తొమ్మిది మందీ
చొక్కాలు తిరగేసి తొడుక్కుని దిగారు.
ఎవరు చెప్పారో ఇప్పటికీ తేలలేదు.
కుట్లు బయటికి, దారప్పోగులు వేలాడుతూ,
అప్పడం లోపలికి, ఒంటికి అంటుకుని.
ఆ ఆటా ఓడిపోయాం, పదకొండు రెండు.
గట్టు మీది కుర్రాళ్ళు ఆ రోజు ఏమీ అరవలేదు.

సోమవారం కంపెనీ వ్యాను వచ్చి
బ్యాట్లు, గ్లవ్స్ లెక్కెట్టి పట్టుకుపోయింది.
గోతాలు వదిలేసింది.
వాటి మీద పలక వేసి అమ్మ ఇడ్లీ కొట్టు పెట్టింది.

ముప్పై రెండో పేజీ నించి అమ్మ రాత.
గడులు అవే, పేర్లు చాలావరకు అవే:
గజపతి రెండు, ఫారూఖ్ మూడు, బాకీ.
మాస్టారు ఒకటి, చట్నీ వద్దన్నారు.
యేసుపాదం నాలుగు,
పక్కనే, ఇంకుతో,
ముట్టింది.